ఎఫ్12 నొక్కని మెకానిక్

"మా కంప్యూటర్‌ను బాగుచేసింది ఎవరండీ?"

షాపుకొచ్చిన అమ్మాయి మెచ్చుకుంటుందనుకుని మెకానిక్ లేచి నిలబడ్డాడు. "నేనేనండీ."

"పాత ఓఎస్ తీసేసి కొత్తది వేశారు. మా నాయనమ్మ ఆడే పేకాట ఎగిరిపోయింది. అప్పట్నుంచి ఆవిడ మాట్లాడటం లేదు."

"ఇంట్లో ప్రశాంతంగా ఉంటుందిగా."

"మాట్లాడదు. చూస్తుంది. అది ఇంకా ఘోరం."

పాత ఓఎస్‌ను, కంప్యూటర్ దాన్నుంచే లేచేలా, అంటే బూటయ్యేలా, పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించుకుని అతను వాళ్లింటికి వెళ్లాడు. పవర్ బటన్ విరిగిన కంప్యూటర్ అది. వంటింట్లో స్విచ్ వేస్తేనే లేస్తుంది. లేచిన క్షణంలో కీబోర్డు మీద ఎఫ్12 నొక్కాలి. లేదంటే పెన్‌డ్రైవ్‌ను చూడనే చూడదు. ఆమె వంటింట్లో, అతను హాల్లో.

"వెయ్యనా?"

"వెయ్యండి."

"వేశా. నొక్కారా?"

ఆ గొంతు వింటూ నొక్కడం మరిచాడు. ప్రేమ మనిషిని మందబుద్ధిని చేస్తుంది. ఇతని విషయంలో దానికి పెద్దగా పని పడలేదు.

ఓఎస్ ఎక్కితే ఈ ఇంటికి మళ్లీ రావడానికి వంక ఉండదు. ఫైళ్లను ఊరికే కాపీ చేస్తే పెన్‌డ్రైవ్ బూట్ అవదని అతనికి తెలుసు. అందుకే మర్నాటి నుంచి రోజూ ఊరికే కాపీ చేసి తెచ్చాడు. నాయనమ్మ కుర్చీలోంచి చూస్తూనే ఉంది.

చివరికి షాపు ఓనరు అన్నాడు: "ఇవాళ అవకపోతే రేపు ఇంకొకణ్ణి పంపుతా."

అతను ఏడుపు మొహంతో పెన్‌డ్రైవ్ సరిగ్గా చేసుకొచ్చాడు. ఎఫ్12 నొక్కాడు. ఇన్‌స్టాల్ సగం దాకా వెళ్లింది. తెర నల్లబడింది.

"అయ్యో, కరెంటు పోయినట్టుంది," అంది ఆమె.

అతను తల ఎత్తాడు. ఫ్యాను తిరుగుతోంది.

వంటింటి గుమ్మంలోంచి చూస్తే, ఆమె చెయ్యి ఇంకా స్విచ్ మీదే ఉంది.

నాయనమ్మ నోరు విప్పింది. "వాడు పనికిరానిది తెస్తాడు. నువ్వు పనయ్యేదాన్ని ఆర్పేస్తావు. మధ్యలో నా పేకాట ఏం పాపం చేసిందే?"

ఇద్దరూ నేల చూశారు.

"ఏమండీ," అన్నాడు అతను గోడకేసి, "నన్ను చేసుకుంటారా?"

వంటింట్లో స్విచ్ టక్కుమంది.

"వేశా. ఈసారైనా నొక్కండి."

నొక్కాడు.

ఓఎస్ ఎక్కింది. పేకలు తెర మీద పరుచుకున్నాయి. నాయనమ్మ కుర్చీ ముందుకు లాక్కుంది. ఆశీర్వదించమని ఇద్దరూ ఆవిడ కాళ్ల దగ్గర వంగారు.

"తెరకు అడ్డం తప్పుకోండి," అంది నాయనమ్మ.