గీత నిండుతున్నప్పుడు ఆపొద్దు

కొత్తకోట బైపాస్ మీద నరేష్‌ను గుద్దిన లారీకి నంబర్ ప్లేట్ లేదు. పట్టపగలు పదకొండున్నరకు, టీ తాగడానికి రోడ్డు దాటుతున్న మనిషిని గుద్దింది. ఆగింది. రివర్స్‌లో వెనక్కి వచ్చి మళ్లీ గుద్ది వెళ్లింది. యాక్సిడెంట్ చేసిన లారీ పారిపోతుంది గానీ రివర్స్ గేర్ వేస్తుందా? చూసిన నలుగురూ "అయ్యో పాపం" అనుకుని ఎవరి బస్సు వాళ్లెక్కారు.

రెండు రోజుల తర్వాత, హైదరాబాద్‌లో బోర్డు లేని ఒక ఆఫీసు మూడో అంతస్తులో, చీఫ్ రాంచందర్ ఆ సంగతి చెబుతుంటే ఏజెంట్ మంజులత పొగలు కక్కుతున్న టీ గుటుక్కున మింగేసింది. నాలుక కాలిందని ఆమెకు తెలుసు. కాలినట్టు మాత్రం అనిపించలేదు.

"బాడీ?" అని అడిగింది.

"మహబూబ్‌నగర్ దవాఖానల. పేరు తెల్వదని రాయించినం. మన ఆపరేషన్ అయ్యేదాంక బయటోళ్లకు నరేష్ బతికే ఉన్నడు. అర్థమైందా?"

"అయింది సార్."

అయిదేళ్లు నరేష్ ఆమె పార్ట్‌నర్. ఒకే జీపులో తిరిగారు, ఒకే డబ్బాలో తిన్నారు. ఏడవాలి కదా అని తనకు తాను గుర్తు చేసుకుని చూసింది. ఏమీ రాలేదు. ఖాళీ గ్లాసు టేబుల్ మీద పెట్టింది.

బ్రీఫింగ్ చిన్నదే. 'ఆర్కిడ్' అనే విదేశీ ముఠా తన సరుకును పాత గేమ్ కన్సోళ్లలో దాచి దేశం దాటిస్తోంది. అరచేతిలో పట్టే మడత కన్సోల్ అది. కంపెనీ తయారీ ఆపేసి ఏళ్లయింది, దాని ఆన్‌లైన్ స్టోర్‌కూ తాళం పడింది. ఎయిర్‌పోర్టులో చూసినవాడు పిల్లల బొమ్మ అనుకుని పక్కన పెడతాడు. అందుకే నరేష్ కొత్తకోటలో రిపేర్ షాపు తెరిచాడు. కంపెనీ ఒప్పుకోని సొంత ప్రోగ్రాములు, అంటే హోమ్‌బ్రూ, ఆ కన్సోళ్లలో ఎక్కించేవాడు. అరిగిపోతున్న గేమ్ కార్డులు తెస్తే వాటికి బ్యాకప్ తీసి, మెమరీలో ఇన్‌స్టాల్ చేసి ఇచ్చేవాడు. దొంగ వేషమే అయినా చేతిలో పనితనం ఉంది. హిందూపూర్ నుంచి కూడా వచ్చేవాళ్లు.

"పోయిన నెల ఆర్కిడ్ కొరియర్ కన్సోల్ చెడిపోయి, వీని షాపుకే వచ్చింది," అన్నాడు చీఫ్. "వీడు లోపలున్న ఫైలు లేపేసి, ఖాళీ కన్సోల్ వాపస్ ఇచ్చిండు. ఆ ఫైల్ల మన అండర్‌కవర్ ఏజెంట్లు పదకొండు మంది ఉన్నరు. పేర్లు, ఇంటి అడ్రసులు. నువ్వు గూడ ఉన్నవ్."

"సరే సార్."

"సరే ఏంది సరే? జర భయపడు!"

"ప్రయత్నిస్త సార్."

చీఫ్ నిట్టూర్చాడు. ఆ లిస్టు ఇంకెక్కడా లేదు, కాపీ అదొక్కటే. దాన్ని ఆర్కిడ్‌కు అమ్మినవాడు మన ఆఫీసులోనే ఉన్నాడు. ఫైలు తెరిస్తే ఏ మిషన్‌లో తయారైందో తెలుస్తుంది, ఆ మిషన్‌ను బట్టి దొంగ దొరుకుతాడు. నరేష్ చివరి మెసేజ్ ఒక్కటే ముక్క: 'సరుకు అక్క ఇంట్ల ఉంది.' అక్క పేరు యాదలక్ష్మి, నారాయణపేటలో మగ్గం నేస్తుంది. ఆర్కిడ్ మనుషులు ఇవాళ రాయచూరు దాకా వచ్చి కూర్చున్నారని కబురు.

"అక్కకు తమ్ముడు పోయిన సంగతి చెప్పొద్దు. ఇది ఆర్డర్. నీతోని టెక్నికల్ వింగ్ నుంచి ప్రణీత వస్తది."

ప్రణీత అప్పటికే తలుపు దగ్గర నిలబడి ఉంది. ఆ అమ్మాయి లోపలికి వస్తే ఫ్యాను గాలి కూడా అటే వీస్తుందని ఆఫీసులో అనుకునేవాళ్లు. నల్ల కళ్లద్దాలు, చేతిలో పట్టు బ్యాగు. బ్యాగులో లిప్‌స్టిక్, లిప్‌స్టిక్ లోపల మెమరీ కార్డ్, దాని రీడర్. మంజులతకు డిపార్ట్‌మెంట్ ఇచ్చిన గాడ్జెట్ ఒక గాజు. అందులో ట్రాన్స్‌మిటర్ ఉంది, బ్యాటరీ ఇండెంట్ మాత్రం ఆర్నెల్ల నుంచి పెండింగ్‌లో ఉంది.

"నరేష్ గారిని నేనెప్పుడూ చూడలేదు," అంది ప్రణీత జీపులో. "మంచివాడట కదా?"

"ఆ," అంది మంజులత. మహబూబ్‌నగర్‌లో దవాఖాన గేటు ముందు నుంచే వెళ్లారు. ఆమె తల తిప్పలేదు.

నారాయణపేటలో వాళ్ల వేషం చీరల వ్యాపారులది. యాదలక్ష్మి ఇంట్లో ముందర గదంతా గుంట మగ్గమే. గుంటలో కాళ్లు పెట్టుకుని కూర్చుని, ఆకుపచ్చ పడుగు మీద ఎర్ర అంచు నేస్తోంది ఆమె. నలభై అయిదు ఉంటాయేమో. మొగుడు పోయాక తమ్ముణ్ని మగ్గం పక్కనే పెంచింది.

"సీతాఫలాలు బాలానగర్‌వేనా?" అంది మంజులత. అది కోడ్ వర్డ్. అక్కకు నేర్పి పెట్టానని నరేష్ ఎప్పుడో చెప్పాడు.

పోగు పట్టుకుని అటూ ఇటూ పరుగెత్తుతున్న నాడె ఆగింది. "గింజలెక్కువ, గుజ్జు తక్కువ," అని జవాబు చెప్పి, యాదలక్ష్మి ఒక్క ఉదుటున పైకి లేచింది. "అయితే మీరు మా నరేష్ ఆఫీసోల్లా! రాండ్రి, రాండ్రి. వాడేడి? రెండొద్దులాయె, ఫోన్ ఎత్తుతలేడు."

"డ్యూటీల ఉన్నడక్కా. ఫోన్ బంద్ పెట్టమన్నరు."

అబద్ధం తడబడకుండా వచ్చింది. అంత నున్నగా వచ్చినందుకైనా సిగ్గుపడాలి అనుకుంది మంజులత, అదీ రాలేదు.

"గదే అనుకున్న," అని యాదలక్ష్మి జొన్నరొట్టెలు, ఎర్రకారం పెట్టింది. వద్దంటే వినలేదు. మంజులత తిన్నది. అట్ట నమిలినట్టుంది, కారమే తెలియలేదు. తర్వాత పాత చీర ముక్కలో చుట్టిన మూట ఒకటి మగ్గం కింది గూట్లోంచి బయటికి వచ్చింది. ఎర్ర మడత కన్సోల్. మూలలు అరిగి తెల్లబడ్డాయి.

"దీంట్ల నేను గడులాట ఆడుత. కార్డు అరిగిపోయి నడుస్తలేదంటే, వాడు గీడనే కూసోని, గా ఆటను పూర నకలు తీసి లోపల ఎక్కిచ్చిండు. ఇగ అరగదక్కా, సచ్చేదాంక ఆడుకో అన్నడు." ఆమె నవ్వింది. "ఎక్కిచ్చేటప్పుడు ఒక గీత నిండుకుంట పోతది సూడు. గీత నిండుతున్నప్పుడు ఆపొద్దు, ఆపితే గిది ఉత్త రాయి అయితది అని పది సార్లు చెప్పిండు. నన్ను చేతులు కూడ కదలనియ్యలే!"

"ఇటివ్వండి," అని ప్రణీత కన్సోల్ అందుకుంది. బోర్లా తిప్పి, అరచేత్తో వెనక రెండు దెబ్బలు తట్టి, అప్పుడు పవర్ నొక్కింది. స్క్రీన్ వెలిగింది.

యాదలక్ష్మి మొహం ఒక్కసారిగా విప్పారింది.

"అగో! బ్యాటరీ లూజని నీకెట్ల ఎరుక బిడ్డా? రెండు సార్లు తట్టకుంటే అది లేవదు. గది నాకు, నా తమ్మునికి తప్ప ఎవ్వలకు తెల్వదు గద!" ప్రణీత గడ్డం పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది. "నువ్వేనా, షాపుకొచ్చే పిల్లవు? రోజు ఒక పిల్ల వస్తదక్కా, సూస్తె కండ్లు తిప్పుకోలేవు, ఎట్లడగాల్నో తెలుస్తలేదు అన్నడు. గా మగ్గం మీదున్న చీర నీ కోసమే నేస్తున్న, మరదలా!"

నరేష్‌ను ఎప్పుడూ చూడలేదని జీపులో అంది గదా అనుకుంది మంజులత. ఆర్కిడ్‌కు లిస్టు అమ్మింది ఈమే. షాపుకు రోజూ వెళ్లి, కబుర్లు చెప్పి, లిస్టు ఎక్కడ దాచాడో కూపీ లాగబోయిన మనిషి ఈమే. టీ తాగడానికి నరేష్ ఏ టైముకు రోడ్డు దాటుతాడో లారీవాడికి చెప్పిన మనిషీ ఈమే. కోపం రావలసిన చోట ఒక చల్లటి లెక్క మాత్రం వచ్చింది: పిస్టల్ జీపులో ఉంది, వీధి చివర. చీరల వ్యాపారి నడుముకు తుపాకీ ఏంటని ప్రణీతే తీయించింది.

ప్రణీతకూ తన తప్పు అర్థమైంది. అయినా నవ్వు చెదరలేదు. "అవును వదినా, నేనే. నరేష్ నన్నే పంపాడు. లోపలి మెనూ ఎలా తెరవాలో మీకు నేర్పానన్నాడు."

"నేర్పిండు, నేర్పిండు. పై రెండు బటన్లు మగ్గం కింది కర్రలనుకో అన్నడు. ఎర్రంచు నేసేటప్పుడు కాళ్లెట్ల పడుతయో, వేళ్లతోని గట్లనే నొక్కాలె." మంజులత నోరు తెరిచేలోపే యాదలక్ష్మి కన్సోల్ తీసుకుని కళ్లు మూసుకుంది. ఎడమ, కుడి, కుడి, ఎడమ, కుడి. ఆమె కాలివేళ్లు కూడా నేల మీద కదిలాయి. స్క్రీన్ నల్లబడి, తెల్ల అక్షరాల మెనూ వచ్చింది. అందులో రెండే ఉన్నాయి. ఒకటి గడులాట. రెండోదానికి పేరు లేదు.

ప్రణీత పట్టు బ్యాగులోంచి పిస్టల్ తీసింది. చిన్నది, లిప్‌స్టిక్ కన్నా కాస్త పెద్దది.

"మంజులతా, గోడకు ఆనుకుని నిలబడు. వదినా, భయపడకండి. ఈమె మన నరేష్‌కు అన్యాయం చేయడానికి వచ్చింది."

లిప్‌స్టిక్ విప్పి కార్డు తీసి కన్సోల్‌లో గుచ్చి, మెనూలో పేరు లేనిదాన్ని నొక్కింది. కన్సోల్ యాదలక్ష్మి చేతుల్లోనే ఉంది. ఫైలు ముక్కలుగా ఉంది, కన్సోలే ఆ ముక్కల్ని అతికించి కార్డు మీద ఇన్‌స్టాల్ చేయాలి. గీత నిండటం మొదలైంది. పది శాతం.

యాదలక్ష్మి ఆ పిస్టల్‌నూ ఈ ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. కన్సోల్ మాత్రం కదల్చలేదు, తమ్ముడు చెప్పిన మాట ప్రకారం రెండు చేతులా గట్టిగా పట్టుకుంది. ముప్పై. యాభై.

"అక్కా, దాన్ని ఆపు," అంది మంజులత.

"గీత నిండుతాంది. ఆపొద్దన్నడు." యాదలక్ష్మి స్క్రీన్ వైపే చూస్తోంది. "వాణ్నే పిలువుండ్రి. వాడొచ్చి చెప్తే ఆపుత."

డెబ్భై. ఆర్డరు మంజులతకు గుర్తుంది. పదకొండు మంది ఇళ్లూ గుర్తున్నాయి. ఒక గుమ్మంలో ఎవరివో చిన్న చెప్పులు విడిచి ఉండటం కూడా గుర్తొచ్చింది.

"నరేష్ రాడక్కా. మొన్న కొత్తకోటల లారీతోని గుద్దిచ్చి చంపిండ్రు. నువ్వు చీర నేస్తున్నది గా చంపించినామెకే."

"అబద్ధం వదినా!"

యాదలక్ష్మి ప్రణీత మొహంలోకి చూసింది. ఏళ్ల తరబడి తెగిన పోగును వెతికి పట్టిన కళ్లు అవి.

"మొన్న ఏ టైముకు?" అని అడిగింది.

"పదకొండున్నరకు. టీ తాగబోయేటప్పుడు," అంది మంజులత.

"పొద్దుగాల ఏం తినడు వాడు," అంది యాదలక్ష్మి మెల్లగా. "వట్టి కడుపుతోనే పోయిండన్నమాట."

తొంభై నాలుగు. తొంభై ఏడు. ఆమె బొటనవేలు కన్సోల్ వెనక మూత మీదికి జరిగింది. ఆ గడులాట, వాడి చేత్తో ఎక్కించింది, చచ్చేదాకా ఆడుకోమన్నది, అంతా అందులోనే ఉంది. తొంభై తొమ్మిది. మూత ఊడింది. లూజు బ్యాటరీ టక్కున కింద పడింది.

స్క్రీన్ ఆరిపోయింది.

ప్రణీత చూపు ఒక్క క్షణం దాని మీదే నిలిచిపోయింది. మంజులతకు ఆ క్షణం చాలు. పక్కనే మగ్గం మీదున్న నాడె తీసి విసిరింది. దాని ఇనుప ముక్కు మణికట్టుకు తగిలి, పిస్టల్ ఎగిరి గుంటలో పడింది. ఆ తర్వాత జరిగింది పెద్ద ఫైటింగేమీ కాదు. ప్రణీత హైహీల్స్ వేసుకుని వచ్చింది, మంజులత చెప్పులు బయట విప్పి వచ్చింది. నూలు కండె విప్పి చేతులు వెనక్కి కట్టేయడానికి నాలుగు నిమిషాలు పట్టింది. లిప్‌స్టిక్ కార్డులో చూస్తే ఒక్క పేరు కూడా చదవడానికి రాలేదు.

యాదలక్ష్మి బ్యాటరీ మళ్లీ పెట్టింది. రెండు సార్లు తట్టింది. ఇంకో రెండు సార్లు తట్టింది.

"రాయే అయింది," అంది. దాన్ని చీర ముక్కలో చుట్టి ఒళ్లో పెట్టుకుంది. ఏడవలేదు. మగ్గం మీది ఎర్రంచు వైపు చూస్తూ, "వాణ్నెప్పుడిస్తరు?" అని అడిగింది.

"ఇప్పుడే. నాతోని రా అక్కా."

స్థానిక పోలీసులు వచ్చి ప్రణీతను తీసుకుపోయారు. రాయచూరు లాడ్జిలో ముగ్గుర్ని పట్టుకున్నారని కబురు వచ్చింది. మహబూబ్‌నగర్ వైపు జీపు నడుపుతుంటే, మరికల్ దాటాక, పొద్దున కాలిన నాలుక మండటం మొదలైంది. ఎర్రకారం, వేడి టీ రెండూ కలిసి ఒక్కసారే మండాయి. మంజులత కళ్లలో నీళ్లు తిరిగాయి. పక్కసీట్లో మూట పట్టుకుని కూర్చున్న యాదలక్ష్మి తన కొంగు ఆమెకు అందించింది.

ఫోన్ మోగింది. చీఫ్.

"లిస్టు పోయింది, కన్సోల్ పోయింది, పైంగ ఆర్డర్ తప్పి ఆమెకు చెప్పినవ్. ఇప్పుడు ఆమెను బాడీ కాడికి గూడ తీస్కపోతున్నవంట! నీకు మెమో ఇస్తున్న మంజులతా. నీ ఇంటి అడ్రసుకే పంపుత."

మంజులత కొంగుతో ముక్కు తుడుచుకుంది.

"పంపండి సార్. కాకపోతే నా అడ్రసు ఉన్న లిస్టు ఇంతకుముందే రాయి అయింది."