అమ్మ వేలు

"ఇదెందుకు? తీసేయ్! ఇదీ తీసేయ్!"

ఆదివారం మధ్యాహ్నం మేనేజరమ్మ పని జోరుగా సాగుతోంది. ఆమె వయసు పదేళ్లే. ఇంట్లో ఏది ఎక్కడుండాలో తనే చెబుతుంది కాబట్టి నాయనమ్మ ఆ పేరు పెట్టింది. ఇవాళ అమ్మ ఫోన్ వంతు వచ్చింది.

అమ్మ పోయి ఏడాది కావస్తోంది. ఆ ఫోన్‌లోని మంచి ఫొటోలు ఏరి ఆల్బమ్ చేయించాల్సిందేనని మేనేజరమ్మ పట్టుబట్టింది. మసకగా ఉన్నవీ, వంకరగా ఉన్నవీ, వేలు అడ్డం పడ్డవీ అన్నీ డిలీట్ చేసేసింది.

"నాన్నా, చూడు! ఒక్కటంటే ఒక్క చెత్త ఫొటో లేదు!"

ఎవరిదో మిక్సీ బాగుచేస్తున్న నాన్న చేతులు తుడుచుకుని ఫోన్ అందుకున్నాడు. చివరిదాకా చూశాడు. మళ్లీ మొదటికొచ్చాడు.

"నువ్వు సైకిల్ మీంచి పడ్డప్పటిది ఏదమ్మా?"

"అదా? సగం వేలే ఉంది నాన్నా. తీసేశా."

"అది అమ్మ వేలు తల్లీ. నిన్ను పట్టుకోవాలని పరిగెత్తుతూ ఆ కంగారులో నొక్కేసింది."

మేనేజరమ్మ ఫోన్ లాక్కుని గబగబా వెతికింది. తను ఉంది. నాయనమ్మ ఉంది. నాన్న బోలెడు చోట్ల ఉన్నాడు. అమ్మ మాత్రం ఎక్కడా లేదు. ఎలా ఉంటుంది? అన్నీ తీసింది అమ్మే కదా! తను తీసేసిన వంకర ఫొటోలో నేలమీది నీడ అమ్మది. మసక ఫొటోలో, అద్దంలో సగం కనిపించిన మొహమూ అమ్మదే.

"నాన్నా, అమ్మని నేనే తీసి పారేశానా?" అంటూ బావురుమంది.

నాన్న ఆమెని దగ్గరికి తీసుకున్నాడు. "ఉండు, ఉండు. తీసేసినవి ఎక్కడికి పోతాయో ముందు చూడు. మేనేజరువి కదా!"

ఆమె ముక్కు ఎగబీల్చి, తెరమీది చెత్తబుట్ట బొమ్మ నొక్కింది. హమ్మయ్య, అన్నీ అందులోనే ఉన్నాయి! ఒక్కొక్కటీ వెనక్కి తెచ్చింది. వేలు ఫొటో రాగానే తన వేలు దానికి ఆనించి కాసేపు అలాగే కూర్చుంది.

ఆల్బమ్ వచ్చిన రోజు నాయనమ్మ దాన్ని ఒళ్లో పెట్టుకుంది. నాన్న తన ఫోన్ పైకెత్తాడు.

"నాయనమ్మా మనవరాలూ, దగ్గరికి జరగండి! నవ్వాలి మరి!"

మేనేజరమ్మ నవ్వలేదు. చటుక్కున లేచి ఫోన్ లాక్కుని గుమ్మంలోకి పరిగెత్తి పక్కింటావిడని కేకేసింది.

"ఆంటీ! మాకో ఫొటో తీసిపెట్టరా?"

"నేనెందుకే? చేతులనిండా గ్రీజు!" అన్నాడు నాన్న.

"ఉంటే ఉండనీ. రా నాన్నా!"

చెయ్యి పట్టి లాక్కొచ్చి, నాన్నని సరిగ్గా మధ్యలో నిలబెట్టింది.