బీగం వేసిన ఇంట్లో మగ్గం చప్పుడు

ధర్మవరంలో నేతగాళ్ల వీధి కొసాకు ఒక మిద్దె ఇల్లుండేది. ఎనభైల్లో, ఆ కరువు కాలంలో, దాని పేరెత్తితేనే ఊళ్లో జనానికి గుండె జారేది. ఎప్పుడో ఆ ఇంట్లో ఒకామె చీర సగం నేసి చచ్చిపాయనంట... తక్కిన సగం నేసేదానికి రాత్రిళ్లు వస్తాదంట!

ఆ కథ పుట్టించిన పెద్దమనిషి ఎవరనుకుంటిరి? ఆ ఇంటి యజమాని ఈశ్వరప్పే.

ఈశ్వరప్పది కళ్యాణదుర్గం, శెనక్కాయల వ్యాపారం. పట్టుచీరలను అంగట్లో మడత పెట్టి ఉంటే చూసినాడు గానీ, ఎట్ల నేస్తారో ఏనాడూ చూసినోడు కాదు. ఆ ఇల్లు చవగ్గా వస్తే కొని పెట్టినాడు. అందులో సుంకమ్మ అని, మొగుడు చచ్చిపోయిన ఆడమనిషి, మగ్గం నేసుకుంటా బాడుగకు ఉండేది. ఊళ్లో బాడుగలు పెరిగేకొద్దీ ఈశ్వరప్పకు ఆశ పుట్టి, ఖాళీ చెయ్యమన్నాడు.

"ఈ ఇల్లు పోతే నా మగ్గం పోతాది అన్నా. మగ్గం పోతే నేనేం తిని బతకాల? నేను పోను" అనింది సుంకమ్మ.

అప్పుడు ఎత్తుకున్నాడు ఈ దెయ్యం కథ. ఊరంతా భయపడింది గానీ, భయపడాల్సిన సుంకమ్మ మాత్రం భయపడలా.

గుమ్మఘట్టలో వాళ్లమ్మకు జబ్బు చేస్తే ఆమె చూడబోయింది. ఇదే సందని ఈశ్వరప్ప వాకిలికి తన బీగం తగిలించి, "బాడుగామె ఇల్లు ఇడిసిపెట్టి పాయ, ఇల్లు ఖాళీగా ఉండాది, నాకిప్పించండి" అని కోర్టులో అర్జీ పడేసినాడు.

"వాయిదాకు ముందు ఒకసారి కళ్లారా చూసి రాప్పా, బోనులో అడుగుతారు" అన్నాడు ఆయన ప్లీడరు.

వాయిదా ముందు రోజు ఈశ్వరప్ప ధర్మవరంలో బస్సు దిగేసరికే పొద్దు మునిగింది. కరెంటు లేదు. జట్కా ఆదెన్న వీధి మొదట్లోనే గుర్రాన్ని నిలబెట్టేసినాడు.

"ఇంగ ముందుకు రాను అన్నా..." అన్నాడు గుసగుసగా.

"ఏమప్పా, నువ్వు కూడా నమ్మితివా? ఆ కథ నేనే—" అనబోయి నాలిక కరుచుకున్నాడు ఈశ్వరప్ప.

ఒక్కడే నడిచినాడు. కరువుకు కుక్కలకు కూడా మొరిగే ఓపిక లేదు. వాకిలి చేరి తడిమి చూస్తే, బీగం వేసింది వేసినట్టే ఉండాది. హమ్మయ్య అనుకున్నాడు.

టక్.

అట్లే నిలబడిపోయినాడు.

టక్... టక్... ఇంట్లోంచే!

తాను అల్లిన కథే, తాను ఊరికి పంచిందే. ఆ సంగతి ఆయన నోటికి తెలియలా, ఆంజనేయ దండకం ఎత్తుకునె. కిటికీ సందుకు కన్ను ఆనించినాడు.

లోపల బుడ్డి దీపం. దీపానికి ఇవతల ఒక ఆడది. మొహం కనపడలా. తల ఉండాది... చేతులుండాయి, అటూ ఇటూ ఆడతాండాయి... నడుముండాది. నడుము కింద — నేల! నేలలోంచి మొలిచినట్టు నడుము దాకా ఆడది, అంతే!

"ఎవరదీ...?" అనింది మెల్లగా.

ఈశ్వరప్ప ఎట్ల పరిగెత్తినాడో ఆయనకే తెలీదు. ఒక చెప్పు ఆడే పాయ. ఆదెన్న పిలుస్తానే ఉండాడు, ఈయన జట్కాను కూడా దాటుకోని పాయ.

పొద్దున బోనెక్కేటప్పటికి మెడలో కొత్త తాయెత్తు, ఒళ్లంతా జరం. కోర్టు నిండా నేతగాళ్లే. సుంకమ్మ తరఫు ప్లీడరు అడగబట్టినాడు.

"ఇల్లు ఖాళీగా ఉండాదా?"

"ఖాళీనే స్వామీ. నిన్న రాత్రే చూసినా."

"లోపల ఎవరూ లేరా? దేవుని మీద ప్రమాణం చేసినావు, గుర్తు పెట్టుకో."

ఈశ్వరప్ప మెడలో తాయెత్తును గట్టిగా పట్టుకున్నాడు. అబద్ధమాడితే ఆ దెయ్యం ఇంటిదాకా వస్తాదేమోనని భయం.

"మనిషైతే లేదు స్వామీ... నడుము కింద ఏమీ లేని ఆడదొకటి... మగ్గం నేస్తాండాది."

ఒక మూల ఎవరో కిసుక్కుమన్నారు. అంతే, కోర్టంతా గొల్లుమనింది. తీర్పు చెప్పే మునసబు కోస్తా నుంచి కొత్తగా వచ్చినాయన. "ఏమిటయ్యా ఇది?" అన్నాడు బిత్తరపోయి.

సుంకమ్మ లేచి నిలబడింది.

"అది నేనే స్వామీ. మాది గుంత మగ్గం. నేలలో గుంత తవ్వి, అందులో కాళ్లు దించుకోని కూచోని నేస్తాం. పైన కనపడేది నడుమే. ఊరి నుంచి వస్తే వాకిలికి బీగం ఏలాడతాండె. పగలగొడితే దొంగతనం కేసు పెడతాడని, పక్కింటి గంగక్క పెరట్లోంచి గోడెక్కి వచ్చిపోతాండా."

నవ్వుతానే చెప్తాండె, ఉన్నట్టుండి నవ్వు ఆపేసె. "ఆ గుంత నా మొగుడు తవ్వినాడు స్వామీ. మగ్గమంటే ఊడదీసి ఎత్తకపోతా. గుంతను ఎత్తకపోయేదెట్ల?"

కోర్టులో ఎవరూ నవ్వలా. మునసబు కళ్లద్దాలు తుడుచుకున్నాడు. ఆమె ఆ ఇంట్లోనే ఉండి నేస్తాందని అర్జీదారే సాక్ష్యం చెప్పె, ఇంగ ఖాళీ ఇల్లు ఎక్కడిదని అర్జీ కొట్టేసినాడు.

మెట్లు దిగుతా ఈశ్వరప్ప దొంగచూపుగా సుంకమ్మ కాళ్లకేసి చూసినాడు. ఆమె చూడనే చూసింది. చీర కుచ్చిళ్లు జానెడు పైకెత్తింది.

"చూసుకో అన్నా, రెండూ ఉండాయి. ఇంగ వచ్చి ఆ బీగం తియ్యి."

ఈశ్వరప్ప జేబులోంచి బీగంచెవి తీసి, ఆమె చేతికి తగలకుండా మెట్టు మీద పెట్టినాడు.

"నువ్వే తీసుకోమ్మా... నేను ఆ పక్కకు రాను."