పన్నెండో కమాను

పొద్దున్నే స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని నాన్న టీవీ ముందు కూర్చున్నాడు. తన కచేరీ తను చూసుకోవడానికి ఇంత ముస్తాబెందుకని అమ్మ ఆటపట్టించింది. ఆయన ఒక పెద్ద వాద్యబృందంలో ముప్ఫై ఏళ్లుగా వయొలిన్ వాయిస్తున్నాడు. కూతురిది కచేరీ వీడియోలు ఎడిట్ చేసే పని. తొమ్మిది కెమెరాలు తీసినదాంట్లో ఏ క్షణాన ఎవరు కనిపించాలో తేల్చేది ఆమే. తండ్రి బృందం వీడియోలైతే మూడేళ్లుగా ఇంకొకరి చేతికి పోనివ్వలేదు.

గంటన్నర వీడియో అయిపోయింది. నాన్న రిమోట్ పక్కన పెట్టాడు.

"ఇందులో నేనెక్కడే?"

"ఉన్నావుగా నాన్నా, మొదట్లో..."

"వీపు కనిపించింది. కెమెరా నా దగ్గరికి వచ్చినప్పుడల్లా జనం చప్పట్లు! ఊళ్లోవాళ్లందరి మొహాలూ పనికొచ్చాయి, కన్నతండ్రి మొహం పనికిరాలేదా?"

అమ్మ కల్పించుకుంది. "దాని పని దానికి తెలియదా? వదిలెయ్యండి."

"నువ్వూరుకో. ఇవాళ తేలాల్సిందే."

ఇక దాటవేయడానికి ఆమెకు నోరు రాలేదు. ల్యాప్‌టాప్ తెచ్చి, తీసేసిన ముక్క ఒకటి వేసింది.

పదకొండు వయొలిన్ల కమానులు ఒక్కసారిగా పైకి లేచాయి. పన్నెండోది, నాన్నది, తీగ మీదే ఆగిపోయింది. కుడిచెయ్యి కాసేపు కొయ్యబారి, మళ్లీ కదిలింది. మొహంలో చిరునవ్వు చెదరలేదు. చెయ్యి ఆగినట్టు ఆయనకే తెలియదు. మిగతావాళ్ల మోతలో వినేవాళ్లకూ తెలియలేదు.

"మీ లీడర్ చూస్తే నిన్ను తీసేస్తాడని..." అంది.

"ఎన్నాళ్లనుంచి?"

"మూడేళ్లు. మొదట్లో ఎప్పుడో ఒకసారి. ఇప్పుడు ప్రతి పాటలోనూ."

నాన్న అరుస్తాడనుకుంది. అరిచినా బాగుండేది.

"అప్పుడే చెబితే డాక్టరు దగ్గరికి వెళ్లేవాణ్ణి కదే. గోటితో పోయేదాన్ని గొడ్డలిదాకా తెచ్చావు."

ఆయన పరువు కాపాడుతున్నాననే ఆమె మురిసిపోయింది గానీ, ఆ చేతికేమైందని ఒక్కరోజూ అడగలేదు. జనానికి తెలియకూడదనుకుని, తెలియాల్సిన మనిషికే తెలియకుండా చేసింది. వెక్కి వెక్కి ఏడ్చింది.

"వయొలిన్ లేకపోతే నువ్వు బతకలేవని భయపడ్డాను నాన్నా."

ఆయన కుర్చీ ఆమె పక్కకు లాక్కున్నాడు.

"ఆ ముక్కలన్నీ ఉన్నాయా?"

"ఒక్కటీ పారెయ్యలేదు."

"తారీఖులు వేసి వరసగా అతికించు. డాక్టరుకు చూపిద్దాం. ముందు ఆ ఏడుపాపు, కళ్లు మసకేస్తే తారీఖులు తప్పుతావు."

మధ్యాహ్నానికి నలభై ఒక్క ముక్కలు అతికాయి. నాలుగు నిమిషాల వీడియో. మూడేళ్లలో ఆమె చేసినవాటిలో నాన్న మొదటినుంచి చివరిదాకా కనిపించింది అదొక్కటే.