కీరన్‌కి వేసిన ఇరవైలు

"ఆ డొక్కు కంప్యూటర్ని ఇవాళైనా పారేస్తావా, లేదా?" వంటింట్లోంచి అరిచింది డోరీన్.

"ఒక్కసారి చూసి తీసేస్తానన్నానుగా. ప్రాణం తీయకు!" మేడగదిలోంచి అంతకంటే గట్టిగా అరిచాడు రోలండ్.

నవంబరు ఆదివారం, నాలుగింటికే చీకటి పడింది. ఇంగ్లండులో ఆ లాంకషైర్ వాన మొదలైతే ఓ పట్టాన వదలదు. కింద ఓవెన్లో మాంసం, బంగాళదుంపలు కూరిన రొట్టె కాలుతోంది. ఆ వాసన మేడ దాకా వస్తోంది.

ఆ కంప్యూటర్లో ఉన్నది పాత ఫుట్‌బాల్ ఆట. ఆడేవాడే టీముకి మేనేజరు. ఇరవై రెండేళ్ల కిందట తమ ఊరి క్లబ్బు కుర్రాళ్లకి మార్కులు వేసి, ఆ ఆట తయారుచేసేవాళ్లకి పంపింది రోలండే. ప్రతి గుణానికీ ఇరవైకి ఇన్ని. జీతం లేదు, పెత్తనం మాత్రం బోలెడు. గడువు ముంచుకొచ్చిన రోజున, కీరన్ అనే పదహారేళ్లవాడి ఆట ఒక్కసారి కూడా చూడకుండా, సరదాకి అన్నిట్లోనూ ఇరవై వేసేశాడు.

ఆ కంప్యూటర్ ఆట ఆడిన ప్రతివాడూ కీరన్‌ని తన టీములోకి కొన్నాడు. అసలు కీరన్ మాత్రం మామూలు ఆటగాడు. మైదానంలో బంతి తప్పిందంటే చాలు, కేకలు.

"కంప్యూటర్లో పొడిచేశావుగా, ఇక్కడ పొడువురా!"

ఆ కేక మొదలుపెట్టింది కూడా రోలండే. పక్కన కూర్చుని డోరీన్ చప్పట్లు కొట్టేది. పంతొమ్మిదో ఏట కీరన్ కాలవలో శవమై తేలాడు. సిగ్గుపడ్డాడా రోలండ్? ఏమీ లేదు.

పాత ఆట తెరుచుకుంది. వయసు మళ్లిన ఆటగాళ్లు అందులో స్కౌట్లవుతారు, కొత్తవాళ్లని చూసి మార్కులు వేస్తారు. కీరన్ స్కౌటయ్యాడు. అతని రిపోర్టు ఒకటి వచ్చి ఉంది.

'రోలండ్ ఎంట్విసిల్. వయసు 61. గుండె: ఇరవైకి నాలుగు.'

రోలండ్ తెర దగ్గరికి వంగాడు. గుండె సంగతి డాక్టరు చెప్పి పదిరోజులైంది. డోరీన్‌కి కూడా చెప్పలేదు.

వంట వాసన పోయింది. పాచి వాసన... కాలవ వాసన.

మార్కులు దిద్దే పద్ధతి తనకి తెలుసు. నాలుగు చెరిపి ఇరవై కొట్టాడు. మళ్లీ తెరిచాడు.

మూడు.

మళ్లీ కొట్టాడు. రెండు.

"సరదాకి వేశాన్రా కీరన్..." గొణిగాడు. కరెంటు తీగ పీకేశాడు. తెర ఆరలేదు. కొత్త వాక్యం వచ్చింది.

'చూడకుండా మార్కులు వేయడం నీ అలవాటు. నేను చూడ్డానికొస్తున్నా.'

కింద బెల్లు మోగింది.

"రోలండ్! ఎవరో కుర్రాడు. తడిసి ముద్దయ్యాడు పాపం. నిన్ను చూడ్డానికొచ్చాట్ట, పైకి పంపుతున్నా!"

"వద్దు..." అన్నాడు. కిందికి వినబడలేదు.

మెట్ల మీద ఫుట్‌బాల్ బూట్ల మేకుల చప్పుడు. టక్... టక్... తలుపు అవతల ఆగింది.

గుండె: ఒకటి.

కళ్లు మూసుకున్నాడు. ఏమీ జరగలేదు. తెరిచేసరికి తెర మీద ఇంకో పేరు ఉంది.

'డోరీన్ ఎంట్విసిల్. వయసు 59. చప్పట్లు: ఇరవైకి ఇరవై. గుండె:'

అంకె ఇంకా పడలేదు. టక్... టక్... చప్పుడు మెట్లు దిగుతోంది. రోలండ్ లేవబోయాడు. కాళ్లు కదల్లేదు.

"అదేంటి బాబూ, అప్పుడే వచ్చేశావ్?" కింద డోరీన్ గొంతు. "ఆయన్ని చూశావా?"

తెర మీద అంకె పడింది. సున్నా. ఓవెన్ గంట మోగడం మొదలుపెట్టింది. మోగుతూనే ఉంది. ఎవరూ ఆపలేదు.