తెల్లగట్టు పహరా

ప్రతిరోజూ సాక్షులను పలకరించడంతో కాత్యాయని పని మొదలవుతుంది. విశాఖలోని యుద్ధవేతన న్యాయపీఠంలో ఆమె నిర్ణేత. గోడ పొడవునా ఉన్న అరల ముందు నడుస్తూ, ఒక్కో అర దగ్గర ఆగి "పోస్టు?" అని అడుగుతుంది. లోపలి నుంచి జవాబు వస్తుంది. అన్నీ కుర్ర గొంతులే. వాళ్లకు తేదీ చెప్పకూడదు. యుద్ధం ముగిసిందని చెప్పకూడదు. చావు మాట అసలే ఎత్తకూడదు. చెబితే సాక్ష్యం చెడుతుందని నిబంధన.

"తెల్లగట్టు పోస్టు. సిపాయి పైల ఢిల్లేశ్వరరావు. అంతా క్షేమం మేడమ్."

ఆ అర దగ్గర ఆమె ఇవాళ మామూలుకన్నా కాస్త ఎక్కువసేపే నిలబడింది. తీర్పులు రాసే యంత్రం తీర్పరి, రాత్రికి రాత్రే అతని జీతం వ్యాజ్యానికి తీర్పు తయారు చేసి ఆమె బల్ల మీదకు పంపింది. ఆమె చేయాల్సిందల్లా వేలిముద్ర వేయడం. ఇన్నేళ్ల చదువుకూ, ఇంత పెద్ద కుర్చీకీ చివరికి మిగిలిన పని ఆ బొటనవేలిదే.

ఢిల్లేశ్ శరీరం తెల్లగట్టు మీద మంచులో కూలిపోయింది. కూలుతున్న క్షణంలో శిరస్త్రాణంలోని గ్రాహకం అతని మనసును ఒడిసిపట్టి కాపలాయంత్రంలోకి దింపింది. ఆ నీడసిపాయి యుద్ధం ముగిసేదాకా ఆ గట్టును కాశాడు. శత్రువు అటువైపు రాలేకపోయాడు. ఆ తరవాత నీడను సాక్షిగా ఈ అరలోకి తెచ్చారు. తీరా జీతం దగ్గరికొచ్చేసరికి సైనిక ఖాతాలవాళ్లు అడ్డం తిరిగారు. జీతం మనిషికే కానీ నీడకు కాదన్నారు. కాసింది నా తమ్ముడు కాకపోతే మరెవరని అతని అక్క దమయంతి వ్యాజ్యం వేసింది.

మొదట్లో మరపడవ అప్పు తీర్చడానికే వేసింది. విచారణ జరిగిన ప్రతిసారీ హక్కుదారు సాక్షితో కాసేపు మాట్లాడవచ్చని తెలిశాక ఆమెకు అప్పు సంగతి గుర్తులేదు. ఒకసారి రేషన్ కార్డు మరిచిపోయి వచ్చింది. ఒకసారి వేరేవాళ్ల ధ్రువపత్రం తెచ్చింది. ఇంకోసారి తన పేరే తప్పు చెప్పింది. ప్రతిసారీ వాయిదా పడింది. ఆమె ఎందుకలా చేస్తోందో కాత్యాయనికి తెలుసు. తీర్పు వచ్చిన సాయంత్రమే సాక్షిని మాపేస్తారు. గెలిచినా అంతే, ఓడినా అంతే.

దమయంతి తలుపు తోసుకుని వచ్చింది. బారువ నుంచి తెల్లవారుజాము బండికి వచ్చినట్టుంది, చీర కుచ్చిళ్లకు ఇంకా ఇసుక అంటుకునే ఉంది.

"కూర్చోండి దమయంతిగారూ. మీరు గెలిచారు," అంది కాత్యాయని.

దమయంతి కూర్చోలేదు. "అదేటమ్మా... నాను కాయితాలు తేలేదు కదా. మరో వాయిదా ఇచ్చీయండి."

"ఇక వాయిదాలు లేవు. తీర్పరి ఒప్పుకోదు."

"కేసు ఎనక్కి తీసేసుకుంతాను. డబ్బులొద్దు నాకు."

"అప్పుడూ మాపేస్తారు."

"అయితే మీ కాళ్లు పట్టుకుంతాను. ఒక్క వాయిదా. మళ్లీ వొచ్చేదాకా ఆడ్ని పడుకోనివ్వండి."

పడుకోనివ్వండి. ఆ మాట విని కాత్యాయని తలదించుకుంది. ఇక్కడికొచ్చే వాళ్లందరికీ అలాగే చెబుతారు, వాయిదాల మధ్య సాక్షులు నిద్రపోతారని. వినడానికి బాగుంటుంది, ఎవరూ ఏడవరు. ఆమె కూడా ఎంతోమందికి అదే చెప్పింది. ఈ మనిషి మొహం చూస్తూ ఇంకొకసారి చెప్పడం ఆమె వల్ల కాలేదు.

"వాయిదా అడక్కండి," అంది మెల్లగా. "అతను నిద్రపోవడం లేదు. నీడను ఆపితే చెరిగిపోతుంది. అందుకని ఆపరు. మీరు ఇంటికెళ్లిన తరవాత కూడా అతను ఆ గట్టు మీదే ఉంటాడు. మంచులో, తుపాకీ పట్టుకుని."

దమయంతి అప్పుడు కూర్చుంది. "ఓలమ్మా," అంది. "నానే నిలబెట్టీసినానేటి ఆడ్ని? ఇన్ని దినాలూ?"

కాత్యాయని మీట నొక్కింది. ఢిల్లేశ్‌కు అక్క గొంతు వైర్‌లెస్ సెట్టులో వినిపిస్తుంది.

"అప్పా! మళ్లీ సెట్టులో దొరికినావేటి? మేజరుగారిని బాగానే మంచి చేసుకున్నావు."

"ఒరే ఢిల్లీ, నిజం సెప్పు. సలేస్తందా?"

ఎప్పుడూ చటుక్కున జవాబిచ్చేవాడు ఈసారి తడబడ్డాడు. "ఏస్తంది అప్పా. కాళ్లు నావి కానట్టున్నాయి. నీకెందుకులే అని సెప్పలేదు."

"పోయి పడుకోరాదా?"

"ఎలాగెల్తాను? నన్ను మార్చడానికి ఎవులూ రాలేదు. ఎనకనించి వొచ్చి బుజం మీద సెయ్యేసి, పేరు సెప్పి, పహరా నాది అనాల. అప్పుడే కదలాల. అంతదాకా సచ్చినా కదలకూడదు." అని నవ్వాడు.

దమయంతి నవ్వలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, కాత్యాయని వైపు తిరిగింది. ఏదో అడగబోయి ఆగింది. ఆ అడగబోయినది కాత్యాయనికి తెలిసింది.

బల్ల అంచున ఒక స్పర్శఫలకం ఉంది. హక్కుదారుల వేలిముద్ర తీసుకోవడానికి మాత్రమే వాడతారు. చేతి స్పర్శ తెలిసిపోతుందని దాన్ని సాక్షికి కలపకూడదు. కాత్యాయని దాన్ని ఢిల్లేశ్ అరకు కలిపింది. బల్ల మీద ఎర్రదీపం వెలిగింది. ఆమె దాన్ని చూడనట్టే ఊరుకుంది.

"సిపాయి ఢిల్లేశ్వరరావ్! పహరా మార్చడానికి మనిషి వస్తోంది. ఇది ఆజ్ఞ."

"ఎస్ మేడమ్!"

దమయంతి అరచేతిని ఫలకం మీద ఉంచింది. వలలు లాగి లాగి మొరటుదేలిన చెయ్యి అది.

"తెల్లగట్టు పోస్టు," అంది. ఫలకం మీద చెయ్యి సర్దుకుంది. మళ్లీ మొదటినుంచి చెప్పింది. "తెల్లగట్టు పోస్టు. పైల దమయంతి. పహరా నాది."

ఆ వైపు నుంచి గాలి హోరు వినిపించింది.

"అప్పా? నువ్వా?" చిన్నప్పుడు ఆమె చంకలో ఉన్నప్పటి గొంతు అది. "నీకు తుపాకీ పట్టుకోవడం వొచ్చేటి?"

"పడవ నడపడం నాకెవుడు నేర్పినాడు? ఇదీ వొస్తాది. నువ్వెల్లు."

"నీ సెయ్యి ఎచ్చగా ఉందప్పా."

"ఎల్లి పడుకోరా నాన్నా."

బూట్ల చప్పుడు మంచులో కొంతదూరం వినిపించింది. తరవాత అది కూడా లేదు. అర మీది పచ్చదీపం ఆరిపోలేదు, తెల్లబడింది. నీడ చెరగలేదు, నిద్రపోయింది. ఆ గదిలో తెల్లదీపాన్ని కాత్యాయని ఎన్నడూ చూడలేదు. పహరా దిగి పడుకున్న సిపాయిని లేపరాదన్నది సైన్యంలో అన్నిటికన్నా పాత నిబంధన. ఇక అతను మాట్లాడడు. దమయంతికి ఆ సంగతి ఎవరూ చెప్పనక్కరలేకపోయింది. ఆమె ఫలకం మీద తల ఆనించి వెక్కివెక్కి ఏడ్చింది. కాత్యాయని కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టింది. ఆమెకూ ఏమీ కనిపించడం లేదు.

తీర్పరి గొంతు విప్పింది. తెల్లగట్టు పోస్టులో సేవ కొనసాగుతోందనీ, సేవ ముగియని పోస్టు మీద తీర్పు చెల్లదనీ, తీర్పు లేనిదే సాక్షిని మాపడం కుదరదనీ వరసగా చెప్పింది. పోస్టులో నమోదైన దమయంతి పేరు పొరపాటయితే తొలగించడానికి నిర్ణేత వేలిముద్ర వేయాలంది. కాసేపాగి మళ్లీ అడిగింది. కాత్యాయని చేతులు కట్టుకుని కూర్చుంది.

తీర్పరి అలా అడుగుతున్న చప్పుడుకు కాపలావాళ్లు వచ్చారు. వాళ్లలో పెద్దవాడు దమయంతి పక్కన నిలబడి, మర్యాదగానే అన్నాడు. "టైమైపోయిందమ్మా. లేవండి, వేరేవాళ్లు బయట ఎదురుచూస్తున్నారు."

దమయంతి కళ్లు తుడుచుకుంది. చెయ్యి మాత్రం ఫలకం మీంచి తియ్యలేదు.

"మెల్లగా మాటాడండి బాబూ, ఆడు పడుకున్నాడు," అంది. "నన్ను మార్చడానికి ఎవులైనా వొచ్చినారేటి?"

కాపలాదారు ఏం చేయాలో తోచక నిర్ణేత వైపు చూశాడు. కాత్యాయని లేచి, తన కుర్చీని బల్ల ఇవతలికి లాక్కొచ్చి దమయంతి పక్కన వేసుకుని కూర్చుంది.

"మీ తరవాత నేను," అంది.