లాకుల బంగళాలో రెండో సన్నాయి

దుగ్గిరాల అవతల కాలువ గట్టున, నీటి గేట్ల పక్కన పాడుబడ్డ లాకుల బంగళా ఒకటుంది. దాని పేరెత్తితే చాలు, పసుపు మార్కెట్ యార్డు ఆటోవాళ్లు బేరం వదులుకుని వెళ్లిపోతారు. చీకటిపడితే అందులోంచి సన్నాయి వినిపిస్తుందట... వాయించేది చచ్చిపోయిన సన్నాయి విద్వాంసుడు ముబారక్కేనట!

గీతికకు ఇలాంటి మాటలంటే ఒళ్లుమంట. అయినా ఆ సాయంత్రం బంగళా వరండాలో కెమెరా నిలబెడుతూ రెండుసార్లు వెనక్కి తిరిగి చూసింది.

గీతికది తెనాలి. కచేరీ ఎక్కడుంటే అక్కడ వాలిపోయి వీడియో తీయడం ఆమె పని, పిచ్చి కూడా. రేపల్లె పెళ్లిళ్లలో, బాపట్ల ఉత్సవాల్లో లాల్ అహమ్మద్, ముబారక్ అన్నదమ్ముల జంట సన్నాయిని ఏళ్ల తరబడి తీసింది. ఒకరు ఊపిరి తీసుకునేలోపు రెండోవారు అందుకునేవారు. నాదం తెగేది కాదు.

కిందటేడు ముబారక్ గుండెపోటుతో పోయాడు. అప్పట్నుంచి పెద్దాయన పాట మధ్యలోనే తెగిపోతోంది.

"తమ్ముడూ నేనూ సాధన చేసింది ఇక్కడే. ఇక్కడే ఆఖరిసారి వాయించి, పెట్టెలో పెట్టేస్తానమ్మా," అన్నాడు లాల్ అహమ్మద్.

"అలా అనకండి బాబాయ్..." అంది గీతిక. ఆయన ఆపేస్తే ఆ ఇంట్లో సన్నాయి ఆగిపోయినట్టే. ఆయనకు పిల్లల్లేరు. తమ్ముడికి ఉన్నది ఒక్క కూతురు. ఆడపిల్ల సన్నాయి పట్టడం తమ ఇంటా వంటా లేదని ఆయనే తేల్చేశాడు.

చీకటి చిక్కబడింది. ఆయన కల్యాణి రాగం అందుకున్నాడు. గీతిక హెడ్‌ఫోన్లు పెట్టుకుని కెమెరాలోకి చూస్తోంది. రాగం పైకి, ఇంకా పైకి వెళ్లింది... ఊపిరి చాలలేదు. సన్నాయి పెదాల మీంచి జారింది—

నాదం ఆగలేదు.

గీతిక హెడ్‌ఫోన్లు లాగేసింది. అయినా వినిపిస్తోంది! వెనక గదిలోంచి... సన్నగా, వణుకుతూ... పై షడ్జం దగ్గర ఒక్క క్షణం తొందరపడి, మళ్లీ సర్దుకుంది.

లాల్ అహమ్మద్ మొహంలో కత్తివేటుకు నెత్తురుచుక్క లేదు.

"వాడే..." అని గొణిగాడు. "అక్కడ వాడొక్కడే తొందరపడతాడు."

ఆయన లేచి ఆ గదివైపు నడిచాడు. పారిపోదామనే ఉంది గీతికకు. కానీ పెద్దాయన్ని ఒంటరిగా ఎలా వదిలేస్తుంది? కెమెరా ఊడదీసి, దాని లైటు వెలుతురులో వెంట వెళ్లింది. ఆయన తలుపు తోశాడు...

గోడకు అతుక్కుపోయి షబీనా— ముబారక్ కూతురు! చేతిలో తండ్రి సన్నాయి.

"తిట్టకండి పెదనాన్నా... ఇంట్లో వాయిస్తే వద్దంటారని రోజూ ఇక్కడికొస్తున్నా. మీరొచ్చారని దాక్కున్నా. మీకు ఊపిరందకపోయేసరికి ఉండబట్టలేకపోయా."

"నీకెవరు నేర్పారు?"

"గీతికక్క వీడియోలు చూసి... నాన్న ఎలా వాయిస్తే అలాగే..."

ఊరందరినీ హడలగొట్టిన దెయ్యాన్ని తయారుచేసింది తనేనన్నమాట! గీతికకు నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి.

పెద్దాయన మాత్రం తమ్ముడి సన్నాయినే చూస్తూ నిలబడ్డాడు. చివరికి గీతిక వైపు తిరిగాడు.

"కెమెరా ఆపమ్మా."

ఆమె ప్రాణం ఉసూరుమంది.

"పై షడ్జం దగ్గర పిల్ల తొందరపడుతోంది. వాడైతే ఎంత చెప్పినా విన్లేదు... దీనికి సరిచేస్తాను. అప్పుడు తీద్దువుగాని."